ఇంటి నవ్వు ఎవరు రాయాలి?

పోయిన నెల మా మరిది వాళ్ల గృహప్రవేశం. భోజనాలయ్యాక ఆడవాళ్లమంతా మిద్దె మీద చాపలేసుకుని కూర్చున్నాం. మా పాప డిగ్రీ రెండో సంవత్సరం చదువుతోంది. ఎవరో అడిగితే లేచి, మా వీధికొచ్చే నీళ్ల ట్యాంకర్ డ్రైవర్‌ని చేసి చూపించింది. "మలుపులోనే ఉండానక్కా, వచ్చేసినా" అని ఫోన్లో చెప్తూ రెండు గంటలు మలుపులోనే ఉండిపోయే మనిషి. ఆ తర్వాత, బిందెల వరసలో ముందుకు రావాల్సినప్పుడు మాత్రమే మోకాళ్ల నొప్పులొచ్చే పక్కింటామె. ఆ తర్వాత నేను. ట్యాంకర్ హారన్ వినపడితే పొయ్యి మీద పాలు, చేతిలో ఫోను, దేవుడి ముందు సగం చదివిన స్తోత్రం అన్నీ వదిలేసి పరిగెత్తే నేను. మిద్దె మీద అందరూ పడీ పడీ నవ్వారు. నేనూ నవ్వాను. అంత అచ్చంగా చేసింది మరి.

అప్పుడే కింది నుంచి మా దాయాదుల్లో ఒక పెద్దాయన గొంతు. "ఎవరమ్మా ఆ పిల్ల? ఆడపిల్లకి ఈ ఎకసెక్కాలు ఏంటికి? రేపు సంబంధాలు చూడాల్సిన పిల్ల కాదా?"

నేనేం చేశానో చెప్పడానికి సిగ్గుగా ఉంది. పాప చెయ్యి పట్టి కిందికి లాగి, తొడ మీద గిల్లాను. అది నా ముఖం ఒక్కసారి చూసి మూల కూర్చుంది. ఇంటికి తిరిగొచ్చేదాకా మాట్లాడలేదు.

ఆ పెద్దాయనే పది నిమిషాల తర్వాత హాల్లో టీవీ ముందు కూర్చున్నాడు. అందులో ఒక మగాయన చీర కట్టుకుని, రొమ్ములకి గుడ్డలు కుక్కుకుని, గయ్యాళి అత్తగా వేషమేశాడు. ఇంకో మగాయన కోడలు. ఒకళ్ల జుట్టు ఒకళ్లు పట్టుకుంటున్నారు. పెద్దాయన నవ్వీ నవ్వీ పొలమారితే, నేనే నీళ్లు తెచ్చిచ్చాను. పిల్లల్ని కూడా పిలిచి చూపించారు. ఎవరూ ఎవరినీ గిల్లలేదు.

రాత్రి ఇంటికొచ్చాక మా అత్త మంచం మీద పడుకుని, పైకప్పు వైపు చూస్తూ అనింది: "పాప నోరు బాగా మూయించినావు. రేపు దానికి కష్టమొచ్చినప్పుడు కూడా అట్లే మూసుకుంటాది. అప్పుడు అడుగు, ఏమైందే అని."

ఆ మాట నన్ను ఇంతవరకు వదల్లేదు. అందుకే ఇది రాస్తున్నాను. నేను అడిగేది ఒకటే. ఆడవాళ్ల మీద మగవాళ్లు జోకులేస్తే వినోదం, ఆడపిల్ల తన ఇంటి మీద తాను జోకేస్తే ఎకసెక్కం ఎట్లా అయింది? ఈ లెక్క ఎవరు కట్టారు? మనమెందుకు ఒప్పుకున్నాం?

నా పెళ్లికి మా పిన్ని చీర పెట్టలేదు, ఒక పుస్తకం ఇచ్చింది. భానుమతిగారి 'అత్తగారి కథలు'. అప్పట్లో లోపల్లోపల తిట్టుకున్నాను. ఇరవై రెండేళ్లలో ఆ చీరలన్నీ పాతబడి బొంతలయ్యాయి, పుస్తకం మాత్రం ఉంది. ఆ రాత్రి దాన్నే తీసి మళ్లీ చదివాను.

భానుమతిగారంటే మనకి వెంటనే గుర్తొచ్చేది 1951 నాటి 'మల్లీశ్వరి', ఆమె పాట. కొంచెం వయసు తక్కువ వాళ్లకి 1984లో వచ్చిన 'మంగమ్మగారి మనవడు'లో ఆ నాయనమ్మ. ఇంకా ఎవరైనా మాట్లాడితే ఆమె పొగరు గురించి మాట్లాడతారు. 'మిస్సమ్మ'లో మొదట ఆమెనే తీసుకున్నారు, నిర్మాతతో మాట పట్టింపు వచ్చి వదిలేశారు, ఆ పాత్ర సావిత్రిగారికి వెళ్లింది. ఈ కథ తెలియని తెలుగు ఇల్లు లేదు. అదే భానుమతిగారు తెలుగులో హాస్యం రాసిన గొప్ప రచయితల్లో ఒకరనే సంగతి మాత్రం ఎంతమంది ఇళ్లల్లో చెప్పుకుంటారు? ఆడమనిషి పొగరు గుర్తుంటుంది, ఆమె రాత గుర్తుండదు. మొదటి అన్యాయం అక్కడే.

ఆమె దారి చూడండి. 1925లో ఒంగోలు దగ్గరి దొడ్డవరంలో పుట్టారు. 1939లో మొదటి సినిమా 'వరవిక్రయం'. కట్నం గొడవలో ప్రాణం తీసుకునే కాళింది వేషం, అప్పటికి ఆమెకి పద్నాలుగేళ్లు కూడా సరిగా నిండలేదు. 1943లో పి.ఎస్.రామకృష్ణారావుగారిని ప్రేమించి పెళ్లి చేసుకున్నారు. ఆ తర్వాత సినిమాలు మానేసి ఇంట్లో ఉండిపోదామనే అనుకున్నారు. మనలో చాలామంది అనుకున్నట్టే. కానీ 1945లో 'స్వర్గసీమ' ఆమెని మళ్లీ లాక్కొచ్చింది. భార్యాభర్తలు కలిసి కొడుకు పేరు మీద భరణీ పిక్చర్స్ పెట్టారు. 1953లో 'చండీరాణి'ని తెలుగు, తమిళం, హిందీ మూడు భాషల్లో తనే దర్శకత్వం చేశారు. అందులో రెండు వేషాలు కూడా తనవే. ఇన్ని పనుల మధ్య ఆమె కూర్చుని రాసింది ఏమిటి? ఆవకాయ గురించి, మడి గురించి, అత్తగారి గురించి!

ఆ కథల్లో చెప్పేది కోడలు. అత్తగారు చాదస్తం, పెత్తనం, అమాయకత్వం మూడూ కలిసిన పెద్దావిడ. ఆవకాయ పెట్టడమంటే ఇంట్లో యుద్ధమొచ్చినంత పని. కోడలు ఎదురు చెప్పదు. చూస్తుంది, గుర్తు పెట్టుకుంటుంది, మనకి చెప్తుంది. చదువుతున్నంతసేపూ నవ్వొస్తుంది. కానీ పుస్తకం మూసేసరికి ఆ అత్తగారి మీద మనకి కోపం ఉండదు, చులకన ఉండదు. మన ఇంట్లో ఉన్న ముసలావిడని ఒకసారి వెళ్లి చూసి రావాలనిపిస్తుంది. టీవీలో చీర కట్టిన మగాయన్ని చూసి నవ్వాక ఎవరికైనా అట్లా అనిపించిందా?

తేడా ఎక్కడుందంటే, ఇంట్లో ఉండి రాసేవాళ్లకి ఆ అత్త మళ్లీ రేపొద్దున కనిపించాలి. ఆమెకి కాఫీ ఇవ్వాలి, ఆమె మందులు చూడాలి. కాబట్టి ఆమెని బొమ్మని చేయలేరు, మనిషిగానే చూడాలి. బయట నిలబడి రాసేవాళ్లకి ఆ బాధ్యత లేదు. గయ్యాళి అనే ఒక ముసుగు చాలు, దాన్ని ఎవరికి తగిలించినా పని జరిగిపోతుంది. మగవాడు కష్టపడి చూసి రాయలేడని నేననట్లేదు. చూడకపోయినా వాడికి గడిచిపోతుందని అంటున్నాను.

సూర్యకాంతంగారిని తలుచుకోండి. ఆమెని మించిన నటి ఉందా? ఆమె వేసిన గయ్యాళి వేషాల వల్ల ఆడపిల్లకి ఆ పేరు పెట్టడానికే జనం జంకారని చెప్పుకుంటారు. 1962లో వచ్చిన 'గుండమ్మ కథ'లో ఎన్.టి.ఆర్, ఏ.ఎన్.ఆర్ ఇద్దరూ ఉండగా సినిమా పేరు ఆమె పాత్రదే. అయినా ఆ మాటలు రాసింది డి.వి.నరసరాజుగారు. గొప్పగా రాశారు, కాదనను. మా ప్రాంతపు మనిషి, కదిరిలో పుట్టిన రమాప్రభగారు వందల సినిమాల్లో నవ్వించారు. రాజబాబు పక్కన ఆమె నిలబడితే థియేటర్లో ఈలలు. ఆమె నోట వచ్చిన మాటలూ ఎక్కువగా మగవాళ్ల కలాల నుంచి వచ్చినవే. వేషం మనది, గొంతు మనది, కలం మాత్రం మనది కాదు. భానుమతిగారి దగ్గర మూడూ ఒక్క చేతిలో ఉన్నాయి. అందుకే నాకు ఆమె ముఖ్యం.

కలం మనదైనప్పుడు ఏమవుతుందో కూడా చూద్దాం. 'శ్రీవారికి ప్రేమలేఖ' చూసి నవ్వని తెలుగు వాళ్లుంటారా? 1984లో వచ్చింది. జంధ్యాల మార్కు కామెడీ అంటాం. ఆ సినిమాకి ఆధారం పొత్తూరి విజయలక్ష్మిగారి నవల 'ప్రేమలేఖ'. ఒక ఇల్లాలు రాసిన కథ అది. ఈ సంగతి మా వీధిలో పదిమందిని అడిగాను, ఇద్దరికి తెలుసు. జంధ్యాలగారి తప్పేం లేదు. ఆయన గొప్పతనం ఆయనది. మరి మన నోట్లో ఆమె పేరు ఎందుకు నిలవలేదు?

అదే జంధ్యాలగారి 'చంటబ్బాయ్'లో శ్రీలక్ష్మిగారి పాత్ర గుర్తుందా? పత్రికాఫీసుకి కవితలు పట్టుకొచ్చి, తను కనిపెట్టిన వంటకాలు తినిపించి, ఎడిటర్‌ని హడలగొట్టే ఆడమనిషి. ఆ సీను వచ్చిన ప్రతిసారీ నేనూ నవ్వుతాను. శ్రీలక్ష్మిగారు అంత బాగా చేశారు. కానీ నవ్వు ఆగాక ఒక ముల్లు గుచ్చుకుంటుంది. రాయాలని కోరిక ఉన్న ఆడది అంటేనే అక్కడ జోకు. నేను మొదటిసారి ఇక్కడ రాసినప్పుడు మా ఇంటాయన అన్న మాట ఏమిటనుకున్నారు? "ఆ సినిమాలో ఆమె మాదిరి అయితావేమో చూసుకో" అన్నాడు. ఆయన సరదాకే అన్నాడు. నేను మాత్రం మూడు నెలలు ఏమీ రాయలేదు.

ఇది మన దేశానికే పట్టిన జబ్బు కాదు. మా చెల్లెలి కూతురు మాంచెస్టర్‌లో ఉద్యోగం చేస్తుంది. మొన్న సెలవులకి వచ్చినప్పుడు ఈ సంగతంతా విని, "పెద్దమ్మా, అక్కడా అంతే" అనింది. ఇంగ్లండ్‌లో లెస్ డాసన్ అని పెద్ద కమెడియన్ ఉండేవాడంట. అత్తగారి మీద జోకులు ఆయన ట్రేడ్‌మార్కు. అక్కడి మగవాళ్ల జోకుల్లో అత్తంటే పెళ్లాం తల్లి. ఆయన కూడా గౌను వేసుకుని ముసలమ్మగా నటించి నవ్వించేవాడు. అంటే చీర కట్టినా గౌను తొడిగినా ఇదొక్కటే సరుకు.

ఆ తర్వాత ఇంకొకామెని చూపించింది. పేరు విక్టోరియా వుడ్. 1974లో ఒక టీవీ పోటీలో గెలిచి పైకొచ్చింది. తనే రాసుకునేది, తనే పాటలు కట్టుకునేది, తనే నటించేది. 1998 నుంచి 2000 దాకా 'డిన్నర్ లేడీస్' అని ఒక సీరియల్ వచ్చింది. పదహారు భాగాలు, మొత్తం ఆమె రాసినవే. కథంతా మాంచెస్టర్‌లో ఒక ఫ్యాక్టరీ క్యాంటీన్‌లో జరుగుతుంది. రొట్టెలు కాల్చే ఆడవాళ్లు, వాళ్ల మోకాళ్ల నొప్పులు, వాళ్ల ఇళ్ల గొడవలు, సరుకు రాలేదని తిట్టుకోవడం. పాప పక్కన కూర్చుని మాట మాటకీ తెలుగు చెప్తుంటే చూశాను. సగం అర్థం కాలేదు, అయినా నవ్వొచ్చింది. ఎందుకంటే అట్లాంటి ఆడవాళ్లు నాకు తెలుసు. మన బడుల్లో మధ్యాహ్న భోజనం వండే అక్కలు అచ్చం అట్లే మాట్లాడుకుంటారు. బిల్లు ఎప్పుడు పడుతుంది, గుడ్లు ఎన్ని వచ్చాయి, సారు ఎన్ని లెక్క రాసుకున్నాడు. ఆ వంటగదిలో కూర్చుంటే ఏ టీవీ షో అవసరం లేదు. ఆమె 2016లో అరవై రెండేళ్లకే పోయింది. క్యాంటీన్ ఆడవాళ్లని ఒక దేశం మొత్తం కూర్చుని చూసేలా చేసి పోయింది. మన అక్కల గురించి ఎవరు రాశారు?

ఇప్పుడు మీరనబోయే మాటలు నాకు తెలుసు. వీధిలో ఇప్పటికే అన్నారు.

మొదటిది: "భానుమతికేం, స్టూడియో ఉంది, డబ్బుంది, ఇంటి నిండా పనివాళ్లు. మనకి స్నానానికే తీరిక లేదు." నిజమే. ఆ కథల్లోని ఇల్లు మన ఇల్లు కాదు, మద్రాసులో కలిగినవాళ్ల ఇల్లు. కానీ ఆమె రాయాలనుకుంటే చక్రవర్తుల గురించి రాయొచ్చు, సినిమా రంగం రహస్యాలు రాసి సొమ్ము చేసుకోవచ్చు. ఆమె ఎంచుకున్నది మాత్రం మనందరి దగ్గరా ఉన్న సరుకే. ఆవకాయ జాడీకి స్టూడియో అక్కర్లేదు. ఆ కథలకి రాష్ట్ర సాహిత్య అకాడమీ బహుమతి వచ్చింది. 1966లో పద్మశ్రీ, 2001లో పద్మభూషణ్ వచ్చాయి. ఇంటి సంగతి చిన్న సంగతని ఎవరైనా అంటే ఈ మాట చెప్పండి.

రెండోది: "ఇంటి గుట్టు వీధిలో పెట్టడమా?" అమ్మా, గుట్టు వేరు, నవ్వు వేరు. మనిషిని నొప్పించే రహస్యం చెప్తే అది గుట్టు. మనతో సహా అందరం ఎంత తిక్కగా ఉన్నామో చెప్తే అది నవ్వు. మా పాప పక్కింటామెతో ఆపలేదు, నన్ను కూడా చేసింది చూడండి. తనవాళ్లని కూడా జోకులో కలుపుకునే మనిషికి పగ ఉండదు. అసలు మన గుట్టు టీవీ వాళ్లు ఎప్పుడో వీధిలో పెట్టేశారు, అదీ అబద్ధాలు కలిపి.

మూడోది మా ఊరి మాట, ఇదే బరువైనది: "తాగేదానికి నీళ్లు లేని చోట నవ్వేంది?" అనంతపురం గురించి మీకు కొత్తగా చెప్పేదేముంది. ఏడాదికి సగటున 550 మిల్లీమీటర్ల వాన, అదీ వస్తే. చెనిక్కాయ ఏసేది, ఆకాశం చూసేది. ఊళ్లకి ఊళ్లు బెంగుళూరు బస్సెక్కేది. మా అత్త కళ్యాణదుర్గం పక్క పల్లెలో నలభై ఏళ్లు ఆ బతుకే బతికింది. ఆమెని అడగండి, నవ్వు ఎందుకని. ఒక ఏడు మూడు మూటల విత్తనమేస్తే మూడు మూటలే పంటొచ్చిందంట. మామ తల పట్టుకుని కూర్చుంటే ఈమె అనిందంట: "నష్టమేముంది? భూమి దగ్గర దాచిపెట్టి తెచ్చుకున్నట్లే. బ్యాంకయితే చార్జీ పట్టుకునేది." ఆ పూట మామ అన్నం తిన్నాడంట. కరువులో ఆ ఒక్క మాట చేసిన పని నాకు ఇంకేదీ చేసేలా కనపడదు. నవ్వు తిండి ఎక్కువైనవాళ్ల వ్యవహారం కాదు. ఏమీ లేనప్పుడు ఇంట్లో ఆడవాళ్లు వండిపెట్టింది అదే.

అట్లాంటి మాటలు మా అత్త దగ్గర వందలున్నాయి. ఒక్కటి కూడా ఎక్కడా రాసి లేదు. ఇరవై రెండేళ్లు ఆమె పక్కన వంటింట్లో నిలబడిన నేను కూడా రాయలేదు. కుక్కరు విజిల్ లెక్కపెట్టుకుంటూ విన్నాను, మర్చిపోయాను. ఆమెకి ఇప్పుడు డెబ్బై ఎనిమిది.

కాబట్టి తిట్టాల్సింది టీవీ వాళ్లనే కాదు. ఆ టీవీ పెట్టేది మనం. కొడుకు అల్లరి మాట అంటే "వాడు భలే జోకులేస్తాడు" అని చుట్టాలకి చెప్పుకునేది మనం, కూతురు అంటే గిల్లేది మనం. ఆడపిల్ల గట్టిగా నవ్వకూడదని మన అమ్మలు మనకి చెప్పారు, మనం మన పిల్లలకి చెప్తున్నాం. చివరికి నవ్వు రాసే కుర్చీ ఖాళీగా ఉంటే, చీర కట్టుకున్న మగాయన వచ్చి కూర్చున్నాడు. ఖాళీ చేసి ఇచ్చింది మనమే.

పాప నవ్వితే సంబంధం రాదంటారా? నవ్వితే పోయే సంబంధం పోవాల్సిందే. ఆ ఇంట్లో అది నలభై ఏళ్లు ఎట్లా బతుకుతుంది? మా అత్తకున్న ఆ ఒక్క ఆయుధం కూడా దాని చేతిలోంచి లాక్కుని పంపమంటారా?

మొన్న ఆదివారం పాప దగ్గరికి వెళ్లి, "ఆ రోజు తప్పు నాదే" అన్నాను. అది ఫోన్లోంచి తలెత్తకుండా "సర్లేమ్మా" అనింది. ఆ 'సర్లేమ్మా'లో ఇంకా తడి ఆరలేదు. నాకు తెలుసు, ఒక్క మాటతో పోయేది కాదు. అందుకని రెండొందల పేజీల నోటుబుక్కు ఒకటి కొనుక్కొచ్చి మా అత్త మంచం మీద పెట్టాను. "నువ్వు చెప్పు అత్తా, అది రాస్తాది" అన్నాను. పాప పలకలేదు.

సాయంత్రం కాస్త మబ్బేసింది. మా అత్త కిటికీలోంచి చూసి, "మా ఊరి మబ్బు, మా ఊరి మొగోళ్లు ఒగటే. ఇట్ల కనపడి అట్ల బెంగుళూరు బస్సెక్కుతారు" అనింది. నేను వంటింట్లోంచి వింటున్నాను. కాసేపటికి పాప గొంతు వినపడింది.

"అవ్వా, మళ్లీ చెప్పు. పెన్ను తెచ్చుకుంటా."

మీ ఇంట్లో కూడా అట్లాంటి అవ్వ ఒకామె ఉంటుంది. అట్లాంటి పాప కూడా ఉంటుంది. మధ్యలో ఉన్నది మనం. అడ్డం లేస్తే చాలు.